దీపాల బండి ఏదీ?

చిరంజీవికి ఆశీస్సులు.

న్యూయార్క్ సబ్‌వే, అంటే భూగర్భ రైలు, సొరంగంలో తీసిన పాత మూకీ బొమ్మ మీద నువ్వు రాసిన వ్యాసం నిన్న రాత్రి రెండుసార్లు చదివాను. "సొరంగమంతా పట్టపగల్లా వెలిగిపోతోంది" అన్నచోట రెండుసార్లూ ఆగిపోయాను. కోపమొచ్చింది. ఆ బొమ్మ తీసింది 1905 మే నెలలో. న్యూయార్క్ సబ్‌వే మొదలై ఏడు నెలలైందంతే. ఆనాటి ఫిల్ముకు ఎంత వెలుగు పోసినా చాలేది కాదు. మరి భూమి కింద ఆ పట్టపగలు ఎక్కణ్ణుంచి వచ్చింది? ఆ మాట నీకు తట్టనే లేదు.

ఇంకోసారి పెట్టి చూడు. రంగులద్ది చప్పుడు అతికించిన కాపీ వద్దు, అసలు మూకీ చూడు. "చక్రాల రొదకి చెవులు చిల్లులు పడ్డాయి" అని రాశావే, ఆ రొద ఎవరో ఈమధ్య కలిపింది. ఈ బొమ్మ తీసిన కెమెరామన్ బిల్లీ బిట్జర్ కెమెరాను ఒక రైలు ముందు బిగించి, ఆ రైలును ముందు పోతున్న ఇంకో రైలు వెనకాలే పోనిచ్చాడు. పక్క పట్టాల మీద మూడో బండి, నిండా దీపాలతో, జోడుగా పరిగెత్తింది. ఉక్కు స్తంభాలు ఒక్కొక్కటీ ఆ వెలుగును కోసుకుంటూ వెనక్కి పోతుంటాయి, గమనించు. 14వ వీధి నుంచి 42వ వీధి దాకా, ఐదారు నిమిషాల బొమ్మకి అంత యాతన!

వెలుగు ఎక్కడిదో తెలుసుకోకుండా వెలుగు గురించి ఒక్క విశేషణం కూడా రాయకూడదు. ముప్పై ఏళ్లుగా ఈ మాట మీదే ఉన్నాను. నేను ఈ బొమ్మ మొదట చూసింది అద్దెకు తెచ్చిన వీసీఆర్‌లో. పాజ్ నొక్కితే తెర వణికేది. ఆ వణుకులోనే స్తంభాలు లెక్కపెట్టుకుంటూ తెల్లవార్లూ కూర్చున్నా. దీపాల బండి మీద అర పేజీ రాసి ఒక వారపత్రికకు పంపితే, ఎడిటర్‌గారు సరిగ్గా ఆ అర పేజీ కొట్టేసి "కాలగర్భంలో కలిసిన జ్ఞాపకాలు" అని హెడ్డింగ్ పెట్టారు. "పాఠకులకు ఆ సాంకేతిక గొడవ ఎందుకండీ" అన్నారు. ఆ కటింగ్ నేను దాచుకోలేదు. ఇప్పటికీ ఆ జ్ఞాపకాల భాషే నడుస్తోంది, నీ మొదటి పేజీ నిండా అదే.

చివర 42వ వీధి గ్రాండ్ సెంట్రల్ స్టేషన్ ప్లాట్‌ఫారం మీద పొడుగు గౌన్ల ఆడవాళ్ల గురించి రాసిన నాలుగు లైన్లు మాత్రం ముట్టుకోకు. వాళ్లను నువ్వు నిజంగా చూశావు.

దీపాల బండి ఎక్కించి మళ్లీ రాయి. చేతిరాతైనా ఫరవాలేదు. పదిహేనో తారీకు దాకా ఊళ్లోనే ఉంటాను.