మాటలకు ముందు రాయవలసినది

అమ్మా,

నీ స్క్రిప్టు చదివాను. బస్టాండులో సోడాలమ్మే కుర్రవాణ్ణి బాగానే పట్టుకున్నావు. కానీ వాడు తన ఒంటరితనాన్ని స్నేహితుడికి రెండు పేజీల పొడవునా విడమరిచి చెప్పుకోవడం చూసి నాకు కోపం వచ్చింది. అందుకే ఈ ఉత్తరం.

ఈజిప్టు రచయిత అబ్దెల్ హై అదీబ్ పేరు నువ్వు విని ఉండవు. 1928లో, నేత మిల్లులకు పేరుపడిన మహల్లా అల్ కుబ్రాలో పుట్టాడు. 1958 నాటి ‘బాబ్ అల్ హదీద్’ చిత్రానికి స్క్రీన్‌ప్లే ఆయనది, మాటలు మొహమ్మద్ అబూ యూసెఫ్‌వి. లోకం మాత్రం ఆ చిత్రాన్ని దర్శకుడు యూసెఫ్ షహీన్ పేరుతోనే తలుచుకుంటుంది.

అందులో కైరో రైల్వే స్టేషన్లో పత్రికలమ్మే కినావీ కాలీడ్చుకుంటూ నడుస్తాడు. అతని ఆకలి ఎలాంటిదో మనకు తెలియజేసేది ఉపన్యాసం కాదు, పత్రికల్లోంచి కత్తిరించి గుడిసె గోడలకు అంటించుకున్న ఆడవాళ్ల బొమ్మలు. దొంగచాటుగా కూల్‌డ్రింకులమ్మే హనూమా కాదన్నాక అతను కత్తి పడతాడు. చివరికి, తనను చేరదీసిన మద్బూలీ ‘నీకు హనూమాతో పెళ్లి చేస్తాం, పెళ్లిబట్టలు వేసుకో’ అని బుజ్జగిస్తూ, పిచ్చివాళ్లను కట్టడి చేసే చొక్కా తొడిగిస్తాడు. ఏ పెళ్లింటనైనా వినిపించే మాటలే అవి. వాటికి గుండె కోసే బలం వచ్చింది అంతవరకు పేర్చుకొచ్చిన సన్నివేశాల వల్ల.

అందులో నటించిన ఫరీద్ షౌకీ వీరత్వం చూద్దామని వచ్చిన అప్పటి ప్రేక్షకులు ఆ చిత్రాన్ని తిప్పికొట్టారు. అదీబ్ కలం ఆగలేదు. 1963 నాటి ‘ఉమ్ అల్ అరూసా’లో కూతురి పెళ్లి ఖర్చు కోసం ఆఫీసు డబ్బు ముట్టుకునే తండ్రిని చూపించాడు. 2007లో ఆయన పోయాక, ఆఖరి స్క్రిప్టు ‘లైలత్ అల్ బేబీ డాల్’ను 2008లో కొడుకు ఆదెల్ తెరకెక్కించాడు.

మన తెర మీదా స్క్రీన్‌ప్లేకు, మాటలకు వేర్వేరు పేర్లు పడతాయి, చప్పట్లు మాత్రం మాటలకే. నా తొలి రోజుల్లో, అలిగి వెళ్లిపోతున్న కొడుకు చెప్పులను తండ్రి తుడిచి గుమ్మం దగ్గర పెట్టే సన్నివేశం రాస్తే, నిర్మాత ‘ఇందులో డైలాగేదీ?’ అని మరొకరిచేత అరపేజీ ఏడుపు రాయించాడు. ఆ మంట నాకింకా చల్లారలేదు.

ఆ రెండు పేజీలూ కొట్టేసి, మొత్తం కథను ఒక్క సంభాషణా లేకుండా, ఎవరు ఎక్కడ ఏం చేస్తున్నారో మాత్రమే వరుసగా రాసి పంపు. అది చదివాకే మాటల సంగతి మాట్లాడదాం.

ఆశీస్సులతో.