నాలుగో శతాబ్దపు క్రైస్తవ బోధకుడు జాన్ క్రిసోస్టమ్ ప్రసంగాలను ఆయనే రాశారా?

చాలావరకు కాదు, ఆయన మాట్లాడుతుండగా సంక్షిప్త లిపి లేఖకులు రాసుకున్న ప్రతులే మనకు అందాయి. ఆయన క్రీ.శ. 386 నుంచి 397 వరకు అప్పటి రోమన్ సామ్రాజ్యపు నగరం అంతియొకయలో గ్రీకులో బోధించారు. అప్పటికి గ్రీకులో అలాంటి లిపి బాగా వాడుకలో ఉంది. అందుకే కొన్నిచోట్ల సభ సందడి కూడా రాతలోకి ఎక్కింది. బైబిల్లోని ఆదికాండం మీద ప్రసంగిస్తూ ఆయన ఉన్నట్టుండి ఆగి, నేను లేఖనాలు వివరిస్తుంటే మీ చూపులన్నీ దీపాలు వెలిగించేవాడి మీదే ఉన్నాయేమని జనాన్ని మందలిస్తారు. ఇంట్లో తీరిగ్గా రాసుకునేవారికి తట్టే మాట కాదది.

అలాగని అక్షరం పొల్లుపోకుండా అంతా ఆయనదే అనుకోవడం పొరపాటు. కొన్ని ప్రసంగాలు తరువాత సవరణకు లోనయ్యాయి. పైగా ఆ పేరుకున్న గిరాకీ అలాంటిది, ఎవరెవరివో వందల ప్రసంగాలు ఆయన ఖాతాలో చేరిపోయాయి. క్రిసోస్టమ్ అన్నదీ ఇంటిపేరు కాదు. ‘బంగారు నోరు’ అని తరువాతివారు ఇచ్చిన బిరుదు.