తోకల చిమ్మట కనబడితే

అమ్మా స్వాతీ,

నువ్వు వరండా లైటు దగ్గర తీసి పంపిన ఫొటో చూశాను. అది సీతాకోకచిలుక కాదమ్మా, చిమ్మట. ఆఫ్రికన్ మూన్ మాత్ అంటారు, శాస్త్రీయ నామం ఆర్జెమా మిమోసే. దక్షిణాఫ్రికాలో మీ ఎంబొంబేలా వైపు మారులా, టాంబోటీ చెట్లున్న చోట వానల నెలల్లో తిరుగుతుంది. మన మహదేవపూర్ దసలి (టస్సర్) పట్టుపురుగుదీ దీనిదీ ఒకే కుటుంబం.

మళ్ళీ వస్తే ముందు లైటుకు కాస్త దూరంగా నిలబడి చూడు. రెక్కలు విప్పితే దాదాపు అర జానెడు, పది పన్నెండు సెంటీమీటర్లు ఉంటుంది. ఒళ్ళంతా లేత పసుపు కలిసిన ఆకుపచ్చ, ఒక్కో రెక్క మీద ఒక్కో కన్నులాంటి మచ్చ. అందరి చూపూ ఆ మచ్చల మీదే ఆగిపోతుంది. నువ్వు మాత్రం పై రెక్క ముందంచు చూడు. అక్కడ ఆకుపచ్చ ఉండదు. బూడిద రంగులో, ముట్టుకోకుండానే గరుకు తెలిసేలా, అచ్చం చెట్టు బెరడులా ఉంటుంది. చెట్టు మీద వాలితే ఆ అంచు పుల్లలా, కింద రెక్కలు దానికి వేలాడే ఆకుల్లా కనిపిస్తాయి. నాకు అది అర్థం కావడానికి చాలా ఏళ్ళు పట్టింది.

మీసాలు ఈకల్లా వెడల్పుగా ఉంటే మగది. సన్నగా ఉండి, పొట్ట లావుగా ఉంటే ఆడది.

కింద రెక్కలకున్న పొడుగాటి తోకల్లో ఒకటి తెగి ఉందని బాధపడ్డావు. అది జబ్బు కాదు. దీని చుట్టమైన లూనా చిమ్మట మీద అమెరికాలో చేసిన పరిశోధన 2015లో వచ్చింది. ఎగిరేటప్పుడు ఆ తోకలు మెలితిరుగుతూ ఉంటే గబ్బిలం గురి ఒంటి మీద కాకుండా తోక మీద పడుతుందట. తోక పోయినా ప్రాణం దక్కుతుంది.

చేత్తో మాత్రం పట్టుకోకు. ఒకసారి గోడ మీంచి తీసి చెట్టు మీద పెడదామని రెక్క పట్టుకున్నాను. ఆ రంగంతా పొడిలా నా వేళ్ళకు అంటుకుంది, రెక్క మీద ఖాళీ మచ్చ మిగిలింది. ఇప్పటికీ మనసులో ముల్లులా ఉంది. దానికి తినడానికి నోరే లేదు తల్లీ, గొంగళిపురుగుగా ఉన్నప్పుడు తిన్నదే బలం. బతికేది కొద్ది రోజులే. ఆ రోజుల్లో ఒక రాత్రి మన లైటు చుట్టూ పోతే జత కలవడం, గుడ్లు పెట్టడం ఎప్పుడు? ఫొటో అయిపోగానే వరండా లైటు ఆర్పెయ్యి.

చలికాలంలో ఆకులు రాలాక కొమ్మలు చూస్తూ ఉండు. వెండి రంగులో, సన్నటి చిల్లులతో దీని పట్టుగూడు కనబడవచ్చు. కొమ్మ విరవకు. ఫొటో తీసి నాకు పంపు.

మీ మామయ్య