నగరాన్ని అధ్యయనం చేయబోయే అమ్మాయికి

చిరంజీవికి ఆశీస్సులు.

నీ ఉత్తరమూ, దానితో పంపిన పరిశోధన ప్రణాళికా చదివాను. శ్రీ వేంకటేశ్వర విశ్వవిద్యాలయంలో సమాజశాస్త్రం ఎం.ఏ. ముగించి, తిరుపతి నగర జీవనాన్నే జీవితకాలపు పనిగా పెట్టుకోవాలన్న నీ సంకల్పం నాకు నిజంగా సంతోషం కలిగించింది. అయితే ‘తిరుపతి నగరీకరణ: సమగ్ర అధ్యయనం’ అన్న శీర్షికను ముందు కొట్టివేయి. అంత ఊరు ఒక్క మనిషికి ఒక్క సిద్ధాంత గ్రంథంలో లొంగేది కాదు. రైల్వే స్టేషన్ చుట్టుపక్కల లాడ్జీలనో, గోవిందరాజస్వామి గుడి దగ్గర పూలమ్మేవారినో, అలిపిరి జీపు డ్రైవర్లనో ఎంచుకుని, ఏళ్ళ తరబడి అక్కడే తిరుగు.

లాడ్జీలనే తీసుకో. గది తీసుకున్న భక్తుడి పేరూ ఊరూ కౌంటరు మీది రిజిస్టరులోకి ఎక్కుతాయి. తెల్లవారుజామున అతని గదికి వేడినీళ్ళ బకెట్టు మోసుకెళ్ళే కుర్రవాడి పేరు మాత్రం అందులో ఎక్కడా ఉండదు. అతడు మెట్ల కింద చాప వేసుకుని పడుకుంటాడు, అతని రేషన్ కార్డు ఏ పీలేరు పక్క పల్లెలోనో ఉంటుంది, పండక్కి మాత్రం ఇంటికి పోయి వస్తాడు. నగరమంటే జనం ఎక్కువగా, కిక్కిరిసి, రకరకాల మనుషులు స్థిరంగా నివసించే చోటని 1938లో షికాగో సమాజశాస్త్రవేత్త లూయీ వర్త్ నిర్వచించాడు. ఆ స్థిరత్వం మన ఊళ్ళో ఎవరికి వర్తిస్తుంది? ఒక రాత్రి ఉండి కొండెక్కి వెళ్ళిపోయే భక్తుడికి ఎలాగూ వర్తించదు. ఏళ్ళుగా మెట్ల కింద పడుకుంటున్నా ఈ ఊరివాణ్ణని చెప్పుకోలేని కుర్రవాడికైనా వర్తిస్తుందా? నీ పరిశోధన ఇక్కడినుంచి మొదలైతే బాగుంటుందని నాకనిపిస్తుంది.

జనగణన లెక్కలనూ ఇంత నిదానంగానే చదవాలి. 2011 జనగణనలో, కనీసం 5,000 జనాభా, చదరపు కిలోమీటరుకు కనీసం 400 మంది జనసాంద్రత, పురుషులైన ప్రధాన శ్రామికుల్లో (అంటే ఏడాదిలో ఆరు నెలలు, అంతకు మించి పనిచేసేవారిలో) కనీసం 75 శాతం మందికి వ్యవసాయేతర వృత్తి ఉంటే, పంచాయతీ పాలనలో ఉన్న ఊరిని కూడా పట్టణంగానే లెక్కవేశారు. ఆ మూడో షరతులో ఆడవాళ్ళ పని ఊసే లేదు. చంద్రగిరి వైపునుంచి పూలబుట్టతో మొదటి బస్సుకు వచ్చి, ఎండెక్కేదాకా అమ్ముకుని తిరిగిపోయే మనిషి తన ఊరిని పట్టణం చేయడంలో ఎంత పాలు పంచుకున్నా ఆ కొలతకు అందదు. ఆమె సంపాదన, అప్పు, ఇంట్లో ఆమె మాటకున్న విలువ నువ్వు పక్కన కూర్చుని అడిగితేనే తెలుస్తాయి.

కూర్చోవడమూ అంత సులభం కాదు. వీధి వ్యాపారుల సర్వే పూర్తయి, వాళ్ళకు ధ్రువపత్రాలు ఇచ్చేదాకా ఎవరినీ తొలగించకూడదని 2014 నాటి వీధి వ్యాపారుల చట్టం చెబుతున్నా, చేతిలో కాగితాలతో కనిపించే ఎవరినైనా వాళ్ళు మున్సిపాలిటీ మనిషే అనుకుంటారు. అందుకని మొదట్లో నోటుపుస్తకం సంచిలోనే ఉంచు. కానీ నువ్వెవరో, ఎందుకొచ్చావో దాచకు. విన్నది ఆ రాత్రే, వాళ్ళ మాటల్లోనే రాసుకో. తెల్లారేసరికి జ్ఞాపకం మాటలను మన పాండిత్యానికి తగ్గట్టు సర్దేస్తుంది. పేర్లు మార్చు, గుర్తుపట్టగల ఆనవాళ్ళూ మార్చు. నీ నోట్సు ఆధారంగా ఒక్క బండి తొలగిపోయినా ఆ పరిశోధన నాకు అక్కర్లేదు.

ఉపాధి సంగతి కూడా అడిగావు. జాతీయ అర్హత పరీక్ష నెట్ రాయి, పరిశోధకులకు నెలనెలా ఇచ్చే జె.ఆర్.ఎఫ్. ఫెలోషిప్ వస్తే పిహెచ్.డి. చేసేటప్పుడు ఇంటిమీద ఆధారపడనక్కర్లేదు. శాశ్వత ఉద్యోగాలు తక్కువ, ఎదురుచూపు ఎక్కువ. ఆ మధ్యకాలంలో సంస్థల కోసం సర్వేలు చేయాల్సి రావచ్చు, చేయి. అయితే ఫలితం ముందే నిర్ణయించి ప్రశ్నావళి చేతికిచ్చేవారి దగ్గర మాత్రం చేరకు.

ఈ నెలంతా ఒకే వీధికి వెళ్ళు. రాసుకున్న నోట్సును దిద్దకుండా, పేర్లు మాత్రం తీసేసి నాకు పంపు. ప్రణాళిక సంగతి అది చదివాక మాట్లాడుకుందాం.