కాటమరాన్ కొనేముందు రేవు చూసుకో

అల్లుడికి మావయ్య ఆశీస్సులు.

ఏరు దాటించడానికి డెబ్బై అయిదు సీట్ల సోలార్ కాటమరాన్ (పక్కపక్కనే ఉన్న రెండు సన్నటి దోనెల మీద ఒకే డెక్కు వేసిన బోటు) పెడదామనుకుంటున్నామని రాశావు. ఉత్తరం నిండా స్పీడు గోలే. రోజూ ఉద్యోగస్తుల్నీ, కాలేజీ పిల్లల్నీ దాటించే బోటుకి టైము నడి ఏట్లో పోదు, ఒడ్డున పోతుంది. డబ్బు కూడా అక్కడే పోతుంది.

కేరళలో వేంబనాడు సరస్సు మీద వైకోం–తవణక్కడవు మధ్య 2017 జనవరి నుంచి తిరుగుతున్న సోలార్ బోటు ‘ఆదిత్య’ లెక్కలు ముందు పెట్టుకో. పొడవు 20 మీటర్లు, వెడల్పు 7. పైకప్పు మీద 20 కిలోవాట్ల పలకలు, ఒక్కో హల్‌లో, అంటే ఒక్కో దోనెలో, 20 కిలోవాట్ల మోటారు, మొత్తం 50 యూనిట్ల బ్యాటరీ. గట్టిగా తోస్తే ఏడున్నర నాట్స్ (ఒక నాట్ అంటే గంటకి 1.85 కిలోమీటర్లు) పోతుంది, కానీ మామూలుగా నడిపేది అయిదున్నర దగ్గర. ఎందుకంటే అయిదున్నర నుంచి ఏడున్నరకి వెళ్తే మోటార్లు లాగే కరెంటు సుమారు రెండున్నర రెట్లవుతుంది. రెండున్నర కిలోమీటర్ల ఏటికి మిగిలేది నాలుగు నిమిషాలు, దానికి ట్రిప్పు కరెంటు ఖర్చు దాదాపు రెట్టింపు. గేటు దగ్గర తోపులాట లేకుండా చూస్తే ఆ నాలుగు నిమిషాలూ ఊరికే వస్తాయి. పై రెండు నాట్సూ వరదకీ గాలికీ దాచుకో. మూడు నాట్స్ వరద అడ్డంగా ఉంటే అయిదున్నరతో నడిచే బోటు ముక్కుని ముప్ఫై డిగ్రీలకి పైగా ఎగువకి తిప్పి పెట్టాలి, పావుగంట దాటింపు పద్ధెనిమిది నిమిషాలవుతుంది.

ఇక బరువు. మన పంటు (బల్లపరుపు పడవ) మీద ఇంకో పదిమంది ఎక్కితే ఎవరికీ తెలీదు. కాటమరాన్ హల్స్ సన్నం కాబట్టి ఇట్టే దిగుతుంది. ఉదాహరణకి ఒక్కోటి 18 మీటర్ల పొడవు, మీటరూ ఇరవై సెంటీమీటర్ల వెడల్పు ఉన్నాయనుకో, టన్ను ఎక్కిస్తే సుమారు మూడు సెంటీమీటర్లు మునుగుతుంది. డెబ్బై అయిదు మందంటే అయిదున్నర టన్నుల పైమాటే, అంటే పదిహేడు సెంటీమీటర్లు. రెండు హల్స్ నడుమ డెక్కు అడుగున ఖాళీ ఆ మేరకు తగ్గి, అల కొట్టినప్పుడల్లా ధబధబమంటుంది. కరెంటు కూడా ఎక్కువ లాగుతుంది. అందుకే నిండు లోడు గీత హల్ మీద నాలుగు చోట్లా రంగుతో వేయించు. గీత మునిగితే బోటు కదలకూడదు, ఎక్కింది ఎవరి బావమరిది అయినా సరే.

బైకులు ఎక్కించొద్దు. నర్సాపురం–సఖినేటిపల్లి రేవులో పంటు మీద బళ్లు దాటడం చూసి నీకూ ఆశ పుడుతుంది. పది బైకులంటే టన్నూ పాతిక దాకా ఉంటుంది, అదంతా ముక్కు దగ్గరే చేరుతుంది. కాటమరాన్ పక్కలకి ఒరగదు గానీ ముందుకి తేలిగ్గా వంగుతుంది. రేవు కనబడగానే జనం అందరూ ముందుకొచ్చి నిలబడ్డా అంతే, ముక్కు దిగి వెనక ప్రొపెల్లర్లు పైకి తేలి నీళ్లని పట్టవు. సరంగు రివర్స్ వేస్తాడు, బోటు ఆగదు. గేటు బోటు మధ్యలో, పక్కకి పెట్టించు. మోకు కట్టేదాకా సీట్లలోంచి ఎవర్నీ లేవనివ్వొద్దు.

ఒడ్డుకి చేర్చేటప్పుడు ఎప్పుడూ నీటికి ఎదురుగానే రావాలి. పోటు వేళ ఒక వైపు నుంచి, పాటు వేళ రెండో వైపు నుంచి. అలవాటుగా ఒకే వైపు నుంచి వస్తే వెనక నీరు తోసి బోటుని గుంజకి కొట్టిస్తుంది. పాంటూన్‌కి (నీటి మీద తేలే రేవు బల్లకి) పదిహేను, ఇరవై డిగ్రీల కోణంలో, నడిచే మనిషంత వేగంతో రా. ముందుగా వేయాల్సిన మోకు ముక్కుది కాదు. బోటు నడుము నుంచి వెనక్కి, పాంటూన్ గుంజకి వేసేది. అది బిగిశాక బయటివైపు మోటారు నెమ్మదిగా ముందుకి తిప్పితే బోటు పాంటూన్‌కి అతుక్కుని నిలబడుతుంది, మిగతా మోకులు తీరుబడిగా కట్టుకోవచ్చు. మోటార్లు దూరంగా ఉంటాయి కాబట్టి ఒకటి ముందుకి, ఒకటి వెనక్కి తిప్పితే ఉన్నచోటే తిరుగుతుంది. ఆ సుఖం చూసి గాలిని మర్చిపోకు. బోటు నీళ్లలో మునిగేది తక్కువ, పైన కప్పు పెద్దది, గాలికి ఇట్టే పక్కకి కొట్టుకుపోతుంది. మోకుని చేతికి చుట్టుకునే కుర్రాడిని మొదటి రోజే మాన్పించు.

మెట్ల రేవు దీనికి పనికిరాదు. నీటితో పాటు లేచి దిగే పాంటూన్ కావాలి. కొచ్చి వాటర్ మెట్రోకి అలాంటివే వేశారు, బోటు అంచూ పాంటూనూ ఒకే ఎత్తున ఉండి చక్రాల కుర్చీ కూడా దిగిపోతుంది. మీ రేవులో పోటూపాటుల తేడా మీటరున్నర ఉంటే, పన్నెండుకి ఒకటి వాలుతో వంతెనకి 18 మీటర్ల పొడవు కావాలి. పాంటూన్‌ని పట్టుకుని ఉండే స్తంభాలు మామూలు పోటుకి కాదు, పెద్ద వరద మట్టానికి పైన నిలవాలి. బోటు ధరలో దీన్ని కలపకుండా లెక్క వేసేవాళ్లే ఎక్కువ.

గుర్రపుడెక్క ఎక్కడైనా చిరాకే. ఇక్కడ రెండు హల్స్ నడుమ దూరి ప్రొపెల్లర్లకి చుట్టుకుంటుంది. ఒక మోటారు కరెంటు ఉన్నట్టుండి పెరిగి బోటు పక్కకి లాగితే అదే అనుకో. ఆపి, కాసేపు వెనక్కి తిప్పు. వదలకపోతే మెయిన్ స్విచ్ తీసి, తాళంచెవి జేబులో వేసుకున్నాకే చెయ్యి పెట్టాలి. నీటితో చల్లబరిచే మోటార్లయితే వడపోత జాలీ పొద్దునా మధ్యాహ్నం శుభ్రం చేయించు.

ఒరగదు కాబట్టి మునగదని జనం అనుకుంటారు, సరంగులూ అనుకుంటారు. ఒక హల్‌లోకి నీళ్లు చేరితే మాత్రం ఆ పక్కకి వాలి మళ్లీ తేరుకోదు. ప్రతి హల్‌నీ అడ్డుగోడలతో గదులుగా విడగొట్టి ఉందా, గదిగదికీ నీటి అలారం ఉందా, కరెంటు లేకపోయినా చేత్తో కొట్టే పంపు ఉందా చూడు. పొద్దున్నే మూతలు తీసి చూడ్డం అలారం ఉన్నా మానొద్దు.

కరెంటు గురించి కంపెనీవాళ్లు చాలా చెప్తారు, నేను కొంచెమే చెప్తాను. కిలోవాటుకి ఎండ రోజున నాలుగు యూనిట్లు వేసుకో, ముసురులో ఒకటి. రాత్రి ఒడ్డున చార్జింగు తప్పదు. బ్యాటరీ ముప్ఫై శాతానికి వస్తే తర్వాతి ట్రిప్పు లేదు. రిజిస్ట్రేషను, సర్వే, సరంగు సర్టిఫికెట్లు, బీమా అన్నీ 2021 ఇన్‌లాండ్ వెసెల్స్ చట్టం కిందకి వస్తాయి. లైఫ్ జాకెట్లు మనిషికొకటి, పిల్లల సైజులు విడిగా, అందేచోట ఉండాలి.

బయానా ఇప్పుడే ఇవ్వకు. అమావాస్యకి, పౌర్ణమికి పాటు బాగా లాగినప్పుడు రెండు రేవుల్లోనూ గెడ వేసి లోతు కొలువు, పాంటూన్ పెట్టే చోటా, అక్కణ్ణించి ఏట్లోకి యాభై మీటర్ల దాకా. ఆ అంకెలు నాకు పంపు, హల్ ఎంత మునిగేది తీసుకోవాలో అప్పుడు చెప్తాను.

మీ మావయ్య