బెట్టకు గిడసబారిన జొన్నను గేదెలకు వేయొచ్చా?

ప్రశ్న: మేతకు వేసిన జొన్నకు 40 రోజులు. యూరియా చల్లిన తర్వాత చినుకు లేదు. పైరు మోకాలెత్తులోనే ఆగి ఆకులు చుట్టుకుపోయాయి. ఎండుగడ్డి అయిపోవస్తోంది. దీన్ని కోసి గేదెలకు వేయొచ్చా? వాన పడితే నాము (లేత జొన్నలో ఉండే విషం) పోతుందంటున్నారు, నిజమేనా?

జవాబు: పచ్చిగా వేయకండి. వాన పడిన వెంటనే అసలు వద్దు. జొన్న లేత ఆకుల్లో ధురిన్ అనే పదార్థం ఉంటుంది. బెట్టకు ఎదుగుదల ఆగితే అది పేరుకుంటుంది, యూరియా పడిన పైరులో ఇంకా ఎక్కువ. ఆకు నలిగి పొట్టలోకి వెళ్లగానే హైడ్రోసయానిక్ ఆమ్లం అనే సయనైడ్ విషంగా మారుతుంది. నాము అంటే ఇదే. నెమరువేసే పశువుల్లో ఈ మార్పు మరీ వేగం. వానకు మొదళ్ల నుంచి లేచే పిలకల్లో విషం ముదురు ఆకుల్లో కంటే ఎక్కువ. పైరు తేరుకుని సగం మొక్కలు పూతకొచ్చాకే ముప్పు బాగా తగ్గుతుంది. అప్పటిదాకా చేను గట్ల మీద కూడా గేదెలను వదలొద్దు.

అన్నాళ్లు ఆగలేకపోతే కోసి పలుచగా పరిచి, తిరగేస్తూ, కాడ విరిస్తే ఫట్‌మనేదాకా ఎండబెట్టండి. పొద్దున కోసి సాయంత్రం వేస్తే ‘వాడింది కదా’ అనుకుంటారు. వాడిన చొప్ప పచ్చిదాని కంటే ఏమీ మెరుగు కాదు.

ఇంకో చిక్కుంది. ఎండితే సయనైడ్ తగ్గుతుంది గానీ, యూరియా వల్ల కాడలో చేరిన నైట్రేట్ తగ్గదు, ఎక్కువైతే అదీ విషమే. అది కాడ అడుగున ఎక్కువ కాబట్టి నేల నుంచి జానెడు పైకి కోయండి. పాతర (సైలేజీ) వేస్తే రెండూ తగ్గుతాయి. మీ పైరుకు అదే మేలు, కాకపోతే 45 రోజులు ఆగాలి. ముక్కలు చేసి, గాలి లేకుండా తొక్కించి కప్పండి. పాతర నుంచి తీసిన మేతను కొన్ని గంటలు ఆరబెట్టాకే వేయండి.

ఉన్న ఎండుగడ్డిని దీనికోసం దాచుకోండి. ముందు అది కడుపులో పడ్డాకే ఎండిన జొన్న చొప్పను రోజు మేతలో పావు వంతుతో మొదలుపెట్టండి. ఆకలి మీదున్న గేదె ముందు దీన్ని ఒక్కటే వేయొద్దు.

నాము తగిలితే తిన్న పది, పదిహేను నిమిషాల్లోనే ఆయాసం, సొంగ, తూలడం, పడి కొట్టుకోవడం కనిపించొచ్చు. మిగతా పశువుల ముందు నుంచి మేత తీసేసి వెంటనే పశువైద్యుణ్ణి పిలవండి. పడిపోయిన గేదెకు నోట్లో ఏమీ పోయకండి, ఊపిరితిత్తుల్లోకి పోతుంది. చిగుళ్లు బాగా ఎర్రగా ఉన్నాయా, గోధుమరంగుకు తిరిగాయా చూసి ఫోన్‌లోనే చెప్పండి. ఎరుపైతే సయనైడ్: సోడియం నైట్రైట్, సోడియం థయోసల్ఫేట్ నరానికి ఎక్కిస్తారు. గోధుమరంగైతే నైట్రేట్ విషం: దానికి మిథిలీన్ బ్లూ కావాలి, సోడియం నైట్రైట్ ఇస్తే పశువు ఇంకా త్వరగా పోతుంది.