ఆట ఆగిన అమ్మాయికి రిఫరీ దారి ఉందా?

ప్రశ్న: మా అమ్మాయి బీకాం రెండో సంవత్సరం చదువుతోంది. జూనియర్ కబడ్డీలో రాష్ట్ర జట్టుకు ఆడింది. మోకాలి ఆపరేషన్ తర్వాత పోటీలకు వెళ్లవద్దని డాక్టరు చెప్పారు. రిఫరీ పరీక్ష రాస్తానని, ఎప్పటికైనా క్రీడా సంఘం నడపాలని అంటోంది. ఇది బతుకుతెరువు అవుతుందా?
– ఒక తండ్రి, ఖమ్మం

జవాబు: అయ్యా, మీ అమ్మాయి కోరిక నెరవేరదగినదే. అయితే ఆ ఒక్కదానితో ఇల్లు గడవదని ముందే తెలుసుకోవాలి. రిఫరీకి అందేది సాధారణంగా మ్యాచ్‌కో టోర్నమెంటుకో ఇచ్చే ఫీజు మాత్రమే. జిల్లా, రాష్ట్ర సంఘాల పదవులు చాలావరకు జీతం లేనివి, పైగా ఎన్నికల్లో గెలిచి సంపాదించుకోవలసినవి. కాబట్టి నెల జీతం వచ్చే ఉద్యోగం ఒకటి చూసుకొని, దానితోపాటే ఈ దారిలో నడవాలి.

రాజమండ్రిలో పుట్టిన జి.ఎస్. లక్ష్మి గారు అలాగే నడిచారు. భారత జట్టు తరఫున ఒక్క అంతర్జాతీయ మ్యాచ్ కూడా ఆడకపోయినా, దక్షిణ మధ్య రైల్వేలో ఉద్యోగం చేస్తూ క్రికెట్ ఆడిన ఆమె, 2008-09 సీజన్ నుంచి దేశవాళీ మహిళల మ్యాచ్‌లకు రిఫరీగా పనిచేసి, 2019లో ఐసీసీ అంతర్జాతీయ ప్యానెల్‌లో చేరిన తొలి మహిళా మ్యాచ్ రిఫరీ అయ్యారు. జర్మనీకి చెందిన బిబియానా స్టెయిన్‌హాస్ మరో అడుగు ముందుకు వేశారు. ఫుట్‌బాల్ ఆడి, పోలీసు ఉద్యోగం చేస్తూ రిఫరీగా ఎదిగి, 2011 మహిళల ప్రపంచ కప్ ఫైనల్ నడిపించిన ఆమె, 2020లో మైదానం వీడాక ఇంగ్లండ్‌లో మహిళా రిఫరీల విభాగం బాధ్యతలు, ఆ తర్వాత ఫిఫాలో అదే విభాగం బాధ్యతలు చేపట్టారు.

పరిపాలనకు రిఫరీ పనిని మించిన శిక్షణ లేదని నా నమ్మకం. కూతకు వచ్చిన అమ్మాయి ఎవరినీ తాకకుండానే కోర్టు అంచున ఉండే లాబీలో కాలు పెడితే అవుట్. అందరి చూపూ ఆమె చేతుల మీద ఉన్నప్పుడు అంపైర్ చూపు ఆమె పాదాల మీద ఉండాలి. చూసింది చెప్పాలి, కోచ్ కేకలు వేసినా నిలబడాలి, సాయంత్రం స్కోరుషీటు సరిచూసి సంతకం చేయాలి, గొడవ జరిగితే ఎవరి పక్షమూ వహించకుండా నివేదిక రాయాలి. రేపు సంఘం కార్యదర్శిగా మీ అమ్మాయి చేయవలసిన పనికి ఇదే పునాది.

బీకాం మధ్యలో మానిపించకండి. క్రీడా సంఘాల్లో ఎక్కువ భాగం రిజిస్టరైన సొసైటీలే. జమాఖర్చులు, ఆడిట్, సర్వసభ్య సమావేశం మినిట్స్ తెలిసిన మాజీ క్రీడాకారిణి అక్కడ ఎంత అవసరమో సంఘాల్లో పనిచేసిన ఎవరినడిగినా చెబుతారు. పైగా 2025లో పార్లమెంటు ఆమోదించిన జాతీయ క్రీడా పరిపాలన చట్టం ప్రకారం, జాతీయ సమాఖ్యల కార్యవర్గాల్లో గరిష్ఠంగా 15 మంది సభ్యులుండగా, వారిలో కనీసం 4గురు మహిళలు ఉండాలి. ఆ కుర్చీల్లో ఆట తెలిసినవాళ్లు కూర్చోవాలని నేను మనసారా కోరుకుంటున్నాను.

డిగ్రీ తర్వాత బీపీఈడీ చేసి వ్యాయామ ఉపాధ్యాయురాలు కావాలనుకుంటే, దాని ప్రవేశ పరీక్ష పీఈసెట్‌లో శారీరక సామర్థ్య పరీక్షలు ఉంటాయి కనుక, మోకాలి పరిస్థితిని డాక్టరుకు చూపించి, పరుగు పెట్టవచ్చో లేదో ముందుగా అడగండి. వద్దంటే ఎంకాం గానీ స్పోర్ట్స్ మేనేజ్‌మెంట్ గానీ చదవవచ్చు. జూనియర్ స్థాయి ధ్రువపత్రాలు ఉన్నాయి కాబట్టి, స్పోర్ట్స్ కోటా నోటిఫికేషన్లలో వాటికి అర్హత ఉందో లేదో కూడా చూసుకోవాలి.

ఈ నెలలోనే జిల్లా కబడ్డీ సంఘానికి మీరే ఆమెను వెంటబెట్టుకొని వెళ్లి, రిఫరీ పరీక్ష ఎప్పుడు పెడతారో కనుక్కోండి. అప్పటిదాకా స్థానిక టోర్నమెంట్లలో స్కోరర్ బల్ల దగ్గర చోటు అడగండి. ఆ పనికి మోకాలు అడ్డురాదు.